కోర్టు వారి సంతకం

గుమ్మళ్ళ వారింట్లో తెలివి పొంగి పొర్లిపోతోందని వాళ్ళ నమ్మకం. పెద్దవాడు నూకరాజు, తమ్ముడు అబ్బులు, నూకరాజు పెళ్ళాం చిట్టెమ్మ. ఒకరి మాట ఒకరు మెచ్చుకోవడంతోనే వాళ్ళకి పొద్దు గడిచిపోయేది. "అలా మెచ్చుకుంటూ కూర్చోబట్టే కదండీ ఇలా తగలడ్డాం" అని నూకరాజు ఇప్పుడు తనమీద తనే నవ్వుకుంటాడు. అప్పుడు మాత్రం నవ్వు రాలేదు.

చిట్టెమ్మకి ఒకటే కోరిక, సొంత వంటిల్లు. అద్దింట్లో రుబ్బురోలు తిప్పితే చాలు, ఇంటామె గోడవతల నుంచి కేకలేసేది. అందుకని పేరయ్య దగ్గర నాలుగు సెంట్ల స్థలం బేరమాడి, బయానా ఇచ్చి, అగ్రిమెంటు రాయించుకున్నారు. ఇంతలో పక్కనే రోడ్డు పడింది, ధర పెరిగింది, పేరయ్య రిజిస్టరు చెయ్యనన్నాడు. ఇంకేముంది, ముగ్గురూ వకీలు సోమయాజులు గారి దగ్గరికి పరుగెత్తారు.

"దావా వేద్దాం. కానీ కొనడానికి మీరు ఎప్పుడూ సిద్ధంగా ఉన్నట్టు కోర్టుకి కనబడాలి" అన్నాడాయన.

"ఆయ్, ఉంటామండి!"

అంతే. ఆ రోజు నుంచి ముగ్గురూ మంచి బట్టలు విప్పలేదు, చెప్పులతోనే పడుకున్నారు. పిలిచిన వెంటనే వేలిముద్ర వెయ్యాలి కదా అని అబ్బులు అందరి బొటనవేళ్ళకీ సిరా పూశాడు. ఆ చేత్తోనే అన్నం కలిపారు, ఆ చేత్తోనే ముక్కు గోక్కున్నారు. వాయిదా నాడు నీలం మూతులతో వెళ్ళి నిలబడితే, జడ్జీ గారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

తీర్పు వచ్చేదాకా స్థలం ఉన్నది ఉన్నట్టే ఉండాలని ఉత్తర్వు ఇచ్చారు. వినగానే ముగ్గురూ స్థలానికి పరుగెత్తారు. అక్కడ పేరయ్య గేదె మేస్తోంది.

"ఒరే తమ్ముడూ, ఇది ఇక్కడే ఉండాల్రా" అన్నాడు నూకరాజు.

"మరి గడ్డి తినేస్తోంది కదన్నయ్యా? తగ్గిపోదూ?"

ఇంకేముంది, గేదె తిన్నంత గడ్డీ కాలవగట్టు మీద పీక్కొచ్చి మళ్ళీ నాటారు. పేడ వేస్తే, ఉత్తర్వు నాటికి ఇది లేదని తట్టలో బయటికి మోశారు. పేరయ్య గేదెను తోలుకుపోదామని వస్తే చిట్టెమ్మ చీపురు తిరగేసింది. "కోర్టు గేదండీ ఇది! ముట్టుకుంటే జైలే!"

పాలు లేక, కాఫీ లేక పేరయ్యకి విరక్తి పుట్టింది. కోర్టుకెళ్ళి చేతులెత్తేశాడు.

తీర్పు గుమ్మళ్ళ వారికే వచ్చింది. వకీలు గారు విడమరిచి చెప్పారు. "నెలలోగా మిగతా సొమ్ము కోర్టులో కట్టండి. పేరయ్య దస్తావేజు మీద సంతకం పెడతాడు. పెట్టకపోతే, అతని బదులు కోర్టే పెడుతుంది."

నూకరాజు ఛాతీ పొంగింది. "పేరయ్య సంతకం ఎవరికి కావాలే? కోర్టు సంతకం ఊళ్ళో ఏ ఇంట్లో ఉంది?"

"పటం కట్టించి నా వంటింట్లో పెడదామండీ!" అంది చిట్టెమ్మ.

మర్నాడే పేరయ్య కలం పట్టుకుని వచ్చాడు. "బాబ్బాబు, సంతకం పెట్టేస్తాను, నా గేదెను నాకిచ్చెయ్యండి!"

అంతే, ముగ్గురూ దొడ్డిదారిన పరుగు. అతను సంతకి వస్తే వీళ్ళు కొబ్బరితోటలోకి, తోటలోకి వస్తే పంటకాలవలోకి. మెడలోతు నీళ్ళలో నిలబడి "మేం ఇంట్లో లేమండీ!" అని కేకేశాడు అబ్బులు. చివరికి పేరయ్య విసిగిపోయి రోజూ కోర్టు మెట్ల మీద కాపలా కూర్చున్నాడు. వీళ్ళు ఆ వీధి మొహమే చూడలేదు.

గడువు దాటిన మర్నాడు మిఠాయి పొట్లంతో వకీలు గారింటికి వెళ్ళారు.

"గెలిచామండీ! అతన్ని ఒక్క గీత కూడా గీయనివ్వలేదు!"

"సొమ్ము కట్టారా?"

"ఎలా కడతామండీ? మెట్ల మీద కలం పట్టుకుని అతను కూర్చుంటేనూ!"

సోమయాజులు గారు తల పట్టుకున్నారు. "గడువు తప్పిందయ్యా. ఇక అగ్రిమెంటు రద్దు చెయ్యమని అతనడిగితే స్థలం పోతుంది!"

"అయితే నా వంటిల్లో?" అంది చిట్టెమ్మ. నూకరాజుకి మొదటిసారి తన తెలివి మీద భయం వేసింది.

వకీలు గారికి జాలేసి గబగబా ఓ అర్జీ రాశారు. "గడువు పెంచమని అడుగుదాం. ఇంకా ఆశ ఉంది. ముగ్గురూ ఇక్కడ సంతకాలు పెట్టండి, త్వరగా!"

నూకరాజు కలం అందుకోబోయి ఆగాడు. తమ్ముడి వైపు చూశాడు, పెళ్ళాం వైపు చూశాడు. ముగ్గురి మొహాలూ ఒక్కసారే వెలిగాయి.

"మేం పెట్టకపోతే మా బదులు కూడా కోర్టే పెడుతుంది కదండీ!" అన్నాడు నూకరాజు.

అంతే, ముగ్గురూ చేతులు వెనక్కి దాచుకున్నారు.