దించమనేదాకా

విజయనగరంలో హైమావతి అనే షాట్‌పుట్ క్రీడాకారిణి ఉండేది. ఆమె చేతుల్లో ఎంత బలం ఉండేదో కాళ్లలో అంత తొందర ఉండేది.

ఇనప గుండు చేతిలోంచి వెళ్లగానే అది ఎంత దూరం పడిందో చూడాలని ఆమె ప్రాణం కొట్టుకునేది. గుండు గాలిలో ఉండగానే, నిలబడి విసిరే వలయంలోంచి ముందుకు దూకేసేది. గుండు నేలను తాకాకే, అదీ వెనక వైపు నుంచే బయటికి రావాలి. అందుకని ఎన్నో మంచి విసుర్లు తప్పుల కింద పోయాయి.

"ఏటి గుంటా ఆ తొందర? గుండు ఎక్కడికీ పారిపోదు" అనేవాడు ఆమెకు ఆట నేర్పే ఎర్నాయుడు మాస్టారు.

హైమావతికి విసుగొచ్చింది. "నాకీ వలయాలూ గీతలూ పడవు మాస్టారూ. పవర్‌లిఫ్టింగ్‌కి వెళ్లిపోతాను. అక్కడైతే ఎత్తడమే" అంది.

"అక్కడికీ నువ్వే కదమ్మా వెళ్లేది!" అని మాస్టారు నవ్వాడు. అయినా దగ్గరుండి నేర్పాడు.

పవర్‌లిఫ్టింగ్‌లో మూడు పనులు. బరువు భుజాల మీద పెట్టుకుని గుంజీ తీయాలి. పడుకుని ఛాతీ మీది నుంచి ఎత్తాలి. నేల మీది బరువు పట్టుకుని నిటారుగా నిలబడాలి. ఒక్కోదానికి మూడు ప్రయత్నాలు. ఒక్కోదానిలో ఎత్తిన పెద్ద బరువు తీసుకుని మూడూ కలుపుతారు. హైమావతి చకచకా ఎదిగింది. సాధనలో మాత్రం బరువు పైకి రాగానే ధన్‌మని వదిలేసేది.

రాష్ట్ర జూనియర్ పోటీలు వచ్చాయి. ఆమె శరీర బరువు తరగతిలో గెలిచిన ఒక్కరే జాతీయ పోటీలకు వెళతారు. వయసు లెక్కన జూనియర్లలో హైమావతికి అదే ఆఖరి ఏడాది.

మొదటి రెండు పనులూ అయ్యేసరికి ఆమె లెక్కలో రెండు వందల ముప్పై రెండున్నర కిలోలు ఉన్నాయి. మూడోదానిలో మొదటిసారి నూట యాభై అయిదు సులువుగా ఎత్తింది. శ్రీకాకుళం అమ్మాయి నీలవేణి అప్పటికే మొత్తం నాలుగు వందలకు చేరింది.

"నూట డెబ్బై పెట్టించండి. నాలుగు వందల రెండున్నర అవుతుంది. అయిపోయింది మాస్టారూ!" అంది హైమావతి.

"ఎత్తాక చెప్పు. రిఫరీ చెయ్యి దించేదాకా బరువు దించకు."

హైమావతి నూట డెబ్బై ఎత్తింది. నిటారుగా నిలబడింది. జనం ఈలలు వేశారు. ఆ ఈలలు వినగానే ఆమె బరువు వదిలేసింది. ఎత్తినది చెల్లదని మూడు ఎర్ర దీపాలు వెలిగాయి.

"ఎత్తాను కదండీ! అందరూ చూశారు!" అని రిఫరీ మీదికి వెళ్లింది.

"ఎత్తావమ్మా. నేను దించమనలేదు" అన్నాడాయన.

అదే బరువుతో మూడో ప్రయత్నం మిగిలింది. నీలవేణి తన ఆఖరి బరువు కదపలేకపోయింది. అంటే ఇక అంతా హైమావతి చేతుల్లోనే ఉంది. మాస్టారు కూర్చోమన్నాడు. ఆమె కూర్చోలేదు. అటూ ఇటూ తిరిగింది. రిఫరీని తిట్టుకుంది, నీళ్ల సీసా తన్నింది. పేరు పిలవగానే పరుగున వేదిక ఎక్కేసింది.

"సుద్దపొడి! ఒసే, చేతులకు పొడి రాసుకో! నిమిషం టైముంది!" మాస్టారు కింద నుంచి అరిచాడు.

ఆమె వినిపించుకోలేదు. బరువు మోకాళ్లు దాటింది. చెమట పట్టిన వేళ్లు ఒక్కొక్కటే విడిపోయాయి. బరువు జారి వేదిక అదిరింది. లెక్క మూడు వందల ఎనభై ఏడున్నర దగ్గరే ఆగిపోయింది. జాతీయ పోటీలకు నీలవేణి వెళ్లింది.

మర్నాడు హైమావతి ఉబ్బిన కళ్లతో జిమ్‌కి వచ్చింది. "ఇక సీనియర్లతోనే కదా మాస్టారూ. ఎంత బరువు పెట్టమంటారు?" అంది.

"ఏమీ వద్దు. ఉత్త రాడ్డు ఎత్తు."

ఎత్తి నిలబడింది. మాస్టారు టీ తెప్పించుకుని ఊదుకుంటూ తాగసాగాడు.

"ఇంకా ఎంతసేపండీ?"

"ఎత్తడం నీ పని. దించమనడం నా పని. టీ వేడిగా ఉంది."

హైమావతి పాదాలు కదలబోయాయి. పళ్లు బిగబట్టి ఆపుకుంది. ఉత్త రాడ్డు ఇంత బరువుంటుందని ఆమెకు అప్పుడే తెలిసింది. మాస్టారు గ్లాసు ఖాళీ చేసి, మూతి తుడుచుకుని, అప్పుడు చెయ్యి దించాడు. ఆమె రాడ్డును చప్పుడు కాకుండా నేల మీద పెట్టింది.

నీతి: మనకు అయిపోయినట్టు అనిపించగానే పని పూర్తి కాదు, చివరిదాకా నిలబడే ఓపిక లేకపోతే ఎంత బలమైనా లెక్కలోకి రాదు.