పలకరింపు లేని పట్నం

అనగనగా ఓ రాజుగారు. ఆయనకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు ఏడు సముద్రాల అవతలి మణిపట్నం చూసొస్తానని వెళ్ళి తిరిగి రాలేదు. వాణ్ణి వెతకబోయిన రెండోవాడూ రాలేదు. అన్నలు లేని ఇంట్లో అన్నం సహించక మూడోవాడు కుందసేనుడు కూడా బయల్దేరాడు.

సముద్రం ఒడ్డున వలలో చిక్కుకున్న ఓ తాబేలును విడిపించాడు. అది అతణ్ణి వీపున ఎక్కించుకుని ఏడు సముద్రాలూ దాటించింది. దించేటప్పుడు ఇలా చెప్పింది:

"నాయనా, ఈ ఊరు జటిలుడనే మాంత్రికుడి చేతిలో ఉంది. ఇక్కడ మనిషిని మనిషి గుర్తుపట్టడు. పొద్దుగూకేలోగా నిన్నెవరూ పలకరించకపోతే నువ్వూ అంతే. వాడి ప్రాణం ఓ చిలకలో ఉంది. ఏ చిలకో నాకు తెలీదు."

ఊరంతా సంత. ఇసకేస్తే రాలనంత జనం. కుందసేనుడు గాజులమ్మే ఆవిణ్ణి దారి అడిగాడు. ఆవిడ అతని తల మీదుగా ఎటో చూసింది. మజ్జిగ తాగుతున్న ముసలాయన్ని అడిగాడు. ఆయన మూతి తుడుచుకుని పోయాడు. అంతలో అన్నలిద్దరూ ఎదురొచ్చారు, ఒకరికొకరు ఏమీ కానట్టు నడుస్తూ. "అన్నయ్యా" అంటూ పెద్దవాడి చెయ్యి పట్టుకున్నాడు. పెద్దవాడు మీద రాలిన ఆకును దులుపుకున్నట్టు దులుపుకుని వెళ్ళిపోయాడు.

నడిసముద్రంలో వెయ్యని భయం కుందసేనుడికి అంతమంది మధ్య వేసింది. తన పేరు తనే రెండుసార్లు పైకి చెప్పుకున్నాడు. మూడోసారి చెప్పబోతే పేరు సగమే గుర్తొచ్చింది.

పొద్దు వాలుతోంది. సంత చివర జటిలుడి పంజరం, ఇల్లంత ఉంది. అందులో నూరు చిలకలు ముక్కూ ముక్కూ రాసుకుంటూ గోల చేస్తున్నాయి. ఒక్క చిలక మాత్రం మూలకు తిరిగి కూచుంది. దాని పక్కన ఏదీ వాలడం లేదు. కుందసేనుడికి మాంత్రికుడి సంగతే గుర్తులేదు. ఆ చిలకను చూస్తే జాలేసింది, అంతే.

"ఏమ్మా, తిన్నావా?" అనడిగాడు.

చిలక ఇటు తిరిగింది. "ముప్ఫై ఏళ్ళకు ఒకడు అడిగాడు. తిన్నాలే. నువ్వు తిన్నావా నాయనా?" అంది.

ఆ ఒక్క మాటకే అతనికి ఊపిరాడింది.

"వాడి ప్రాణం నా నాలుక కింద పూసలో ఉంది. ఆ వాసనకే ఇవి నా దగ్గరికి రావు. చెయ్యి పట్టు" అంటూ చిలక నల్లపూస ఉమ్మింది.

జటిలుడు అరుచుకుంటూ పరిగెత్తుకొచ్చాడు. కానీ వాడి మంత్రమే వాడికి అడ్డమొచ్చింది. ఎవరూ ఆ కేక వినలేదు, ఎవరూ దారివ్వలేదు. కుందసేనుడు పూసను రాతి మీద పెట్టి నలిపేశాడు. జటిలుడు జనం మధ్యే కూలిపోయాడు.

సంత ఒక్క క్షణం ఆగింది. తర్వాత అందరూ ఒకేసారి మాట్లాడ్డం మొదలెట్టారు. అన్నలు జనాన్ని తోసుకుంటూ వచ్చి తమ్ముణ్ణి కావిలించుకున్నారు. "ఎంత చిక్కిపోయావురా" అన్నాడు పెద్దవాడు.

అప్పుడు పక్కనున్న అమ్మాయి, "అయ్యా, ఇందాకట్నించీ నా కాలు తొక్కుతున్నారు" అంది. ఆమె ఆ ఊరి రాజుగారమ్మాయి హేమమాలిక.

"ఇందాకే చెప్పొచ్చుగా?" అన్నాడు కుందసేనుడు.

"ఇందాక మీరు నాకు కనబడితేగా!"

ఆ వారంలోనే వాళ్ళిద్దరికీ పెళ్ళయింది. ఊరంతా బంధువులే అయ్యేసరికి వడ్డన మూడు రోజులు సాగింది. వాళ్ళు ఆ పట్నాన్ని అరవై ఏళ్ళు ఏలి, మునిమనవల చేత జుట్టు పీకించుకుంటూ హాయిగా ఉన్నారు.