శిలావతీ ద్వారబంధనం

పూర్వం ద్వాపరయుగంలో, కపిలానది రెండు పాయలుగా చీలి మళ్ళీ కలిసే చోట, నల్లరాతి ప్రాకారాలతో శోభిల్లే శిలావతీ నగరాన్ని రాజధానిగా చేసుకొని, శత్రుభయంకరుడు, సత్యవాక్యపాలకుడు, ప్రజాహితం కోరేవాడే అయినా ఆలస్యాన్ని మాత్రం సహించలేనివాడు అయిన జయకేతుడనే రాజు పరిపాలిస్తూ ఉండేవాడు. ఆ రాజ్యంలో తాతల కాలం నుంచి ఒక కట్టుబాటు ఉంది. నలభై గ్రామాల నుంచి వచ్చిన నలభైమంది పెద్దలు సభలో కూర్చొని, రాజు ఇచ్చిన ప్రతి ఆజ్ఞనూ విని, తర్కించి, సరేనన్న తరువాతనే అది రాజ్యంలో చెల్లేది. వారిలో కాపులున్నారు, సాలెలున్నారు, గొల్లలున్నారు. అందరికంటె వృద్ధురాలు పడవవాళ్ళ పెద్ద మందరిక.

ఒక శరత్కాలంలో పొరుగురాజు భీమనాదుడు దండెత్తి వచ్చాడు. నదికట్ట తెంచి శత్రుసేనను ముంచివేయండని జయకేతుడు ఆజ్ఞాపించాడు. కట్ట తెగితే దిగువ ఊళ్ళు కూడా మునుగుతాయని సభ మూడు రోజులు వాదించింది. నాలుగో రోజు సరేననేసరికి శత్రువు నది దాటి, నాలుగు గ్రామాలను తగులబెట్టి, దొరికినవాళ్ళను దొరికినట్టే నరికి వెళ్ళిపోయాడు. ఆ బూడిదలో నిలబడి, రాజు కాలిన ఉయ్యాల కొక్కెం ఒకటి చేతిలోకి తీసుకున్నాడు.

అక్కడి నుంచి తిన్నగా కులగురువైన శ్వేతపర్ణ మహర్షి ఆశ్రమానికి వెళ్ళి, నమస్కరించి ఇలా అన్నాడు.

"గురుదేవా, రాజ్యానికి తల ఒక్కటే ఉండాలి. నలభై తలలు ఆలోచిస్తూ కూర్చుంటే పసిబిడ్డలు కాలిపోయారు. నా మాట పలికిన క్షణంలోనే జరిగే ఉపాయం చెప్పండి."

తపోధనుడైన శ్వేతపర్ణుడు నిట్టూర్చి, "రాజా, ఈసారి ఆ మూడు రోజులూ నిన్ను ముంచాయి, నిజమే. కాని నీవు పొరబడిన నాడు నిన్ను ఆపవలసినవి కూడా అవే" అన్నాడు.

"నేను పొరబడితే కదా."

"పొరబడని మనిషిని నేనింతవరకూ చూడలేదు నాయనా. నన్ను కూడా కలుపుకొనే చెబుతున్నాను."

రాజు ఆ మాట చెవిని పెట్టలేదు. కపిలా తీరంలోని ఇసుకతిన్నె మీద ఒంటికాలిపై నిలిచి, రాలిన ఆకులు మాత్రమే తింటూ, నూటెనిమిది దినాలు దండదేవుణ్ణి గురించి ఘోరతపస్సు చేశాడు. చివరి దినాన మధ్యాహ్నవేళ, ఏ దేవుని భయంవల్ల లోకంలో బలవంతుడు బలహీనుణ్ణి కబళించకుండా ఉంటున్నాడో, ఆ శ్యామవర్ణుడు, లోహితాక్షుడు, దండదేవుడు ఎదుట నిలిచాడు.

"జయకేతా, ఏం కావాలో అడుగు."

"స్వామీ, నా నోట వెలువడిన ఆజ్ఞను నా రాజ్యంలో ఎవ్వరూ మీరలేకుండునట్లు అనుగ్రహించు."

"ఎవ్వరూ అంటే?"

"గురువు గాని, భార్య గాని, ఎవ్వరూ."

దండదేవుడు అతణ్ణి చూచి, "ఇచ్చాను. నీ నోటితో నీవు వెనక్కు తీసుకునేవరకూ నీ మాట నిలుస్తుంది. దాన్ని మోసేవాళ్ళు ఏమైనా సరే, అది నిలుస్తుంది" అని అంతర్ధానమయ్యాడు.

మొదటి ఏడాది రాజ్యమంతా రాజును కొనియాడింది. దొంగతనం చేయవద్దన్నాడు, దొంగల చేతులు చాచినవి చాచినట్టే ఆగిపోయాయి. తగలబడిన నాలుగు గ్రామాలూ ఒక్క ఋతువులో లేచి నిలిచాయి. సభ మాత్రం ఊరుకోలేదు. మందరిక లేచి, "ప్రభూ, మమ్మల్ని అడగకుండా..." అనబోగా, రాజు విసిగి, "మీరింక మాట్లాడవలదు" అన్నాడు. నలభైమందీ లేచి ఇళ్ళకు పోయారు. మందరిక ఇంటికి చేరి, కోడలిని మంచినీళ్ళు అడుగుదామని నోరు తెరిస్తే గాలి తప్ప ఏమీ రాలేదు. ఈ సంగతి శ్వేతపర్ణుడు చెప్పినా, "కొన్నాళ్ళు అలాగే ఉండనివ్వండి" అని రాజు నవ్వేశాడు.

రెండో ఏడాది పంట కోతకు వచ్చిన వేళ భీమనాదుడు ఇంకా పెద్ద సేనతో సరిహద్దు చేరాడు. జయకేతుడు సైన్యంతో బయలుదేరుతూ కోటద్వారం దగ్గర రథం ఆపి, ద్వారపాలకుడైన వృకబాహువుతో అన్నాడు.

"గూఢచారులు, విషం కలిపే ద్రోహులు తిరుగుతున్నారు. నేను వచ్చేవరకూ ఈ ద్వారం తెరవకూడదు. మనిషి గాని, గింజ గాని ఈ గోడ దాటకూడదు."

"ఎన్నాళ్ళకు తిరిగి వస్తారు ప్రభూ?"

"పది దినాలు."

శిబిరం చేరాక, మనసు చెదరకుండా ఉండాలని, "యుద్ధం ముగిసేవరకూ నగరం మాట ఎవ్వరూ ఏ విధంగానూ నాకు తెలుపకూడదు" అని మరొక ఆజ్ఞ ఇచ్చాడు.

యుద్ధం నూటపది దినాలు సాగింది.

నగరంలో ఉన్న ధాన్యం ఇరవై దినాలకు అడుగంటింది; ఆ తరువాత పెరటి ఆకులు, దుంపలు కలిపి కాచిన పలుచని గంజే అందరికీ వంతు. కొత్త పంట అంతా గోడ బయట కళ్ళాల్లో ఉంది. పల్లెవాళ్ళు బండ్లకెత్తి ద్వారం దాకా తెచ్చారు. ఎద్దులు ముందుకు కదిలినా మనుషుల కాళ్ళు కదలలేదు; గోడ మీదుగా విసరబోతే చేతులు పైకి లేవలేదు. లోపల మహారాణి కుముద్వతీదేవి స్వయంగా ద్వారం దగ్గరికి వచ్చింది.

"వృకబాహూ, బయట వడ్ల వాసన వస్తోంది. తలుపు తియ్యి."

"తల్లీ, పొద్దుటి నుంచి అదే చేస్తున్నాను. గడియ మీద చెయ్యి వేస్తే చెయ్యి నాది కాకుండా పోతోంది. తలుపునే నరికేద్దామని కత్తి పట్టుకుంటే కత్తి కూడా లేవడం లేదు."

"నీ పిల్లలు?"

"పెద్దది నిన్న పోయిందమ్మా."

 మహారాణి తన వంతు గంజిని ఆనాటి నుంచి అతని చిన్నబిడ్డకు పంపుతూ, నలభయ్యో దినాన తాను కన్నుమూసింది.

గోడ బయటి ఆశ్రమం నుంచి శ్వేతపర్ణుడు కాలినడకన యుద్ధభూమికి వెళ్ళాడు. రాజు ఎదురేగి పాదాలకు మొక్కాడు. ఆ జ్ఞానవృద్ధుడు నోరు తెరిచాడు, మాట రాలేదు. వేలితో నేల మీద రాయబోయాడు, వేలు వంగలేదు. ఆయన కన్నీళ్ళు ధారగా కారుతుంటే, యుద్ధంలో మడిసినవారి కోసం దుఃఖిస్తున్నారనుకొని, రాజు తన ఉత్తరీయంతో వాటిని తుడిచి, "గురుదేవా, విజయం దగ్గరలోనే ఉంది" అని ఓదార్చి ఆశ్రమానికి పంపివేశాడు.

భీమనాదుణ్ణి సంహరించి, జయభేరులు మ్రోగిస్తూ జయకేతుడు తిరిగివచ్చాడు. ద్వారం ముందు మొలకెత్తిన వడ్ల బస్తాలు, వాటి పక్కన మాట రాక కూర్చున్న నలభైమంది పెద్దలు కనిపించారు. "తెరవండి" అన్నాడు. గడియ ఊడింది. తలుపు సందులో ఎముకలగూడులా నిలబడ్డ వృకబాహువు నమస్కరించి, "మహాప్రభూ, మీ ఆజ్ఞ తప్పలేదు" అని నేలకు ఒరిగి ప్రాణం విడిచాడు.

రాజు వీథులన్నీ తిరిగాడు. అంతఃపురంలో కుముద్వతిని చూచాడు. పిచ్చివాడిలా నగరం నడిమధ్య నిలబడి, "లేవండి, ఇది నా ఆజ్ఞ" అని అరిచాడు. ఎవ్వరూ లేవలేదు. మృతులు ఆ రాజ్యానికి ప్రజలు కారు. బతికినవాళ్ళు మూడువందలమంది మాత్రం, ఆ ఆజ్ఞకు లోబడి, నడవలేని కాళ్ళ మీద వణుకుతూ లేచి నిలిచారు. అది చూచి అతడు వెంటనే "కూర్చోండి, కూర్చోండి తల్లీ" అంటూ మోకాళ్ళ మీద కూలిపోయాడు.

అప్పుడు దండదేవుడు అక్కడ నిలిచాడు.

"స్వామీ, నన్ను దండించు."

"ఎలా దండించను? నిన్ను కాదనగలవాడు లేకుండా చేయమని కోరింది నీవే. నీ రాజ్యంలో నా చేయి నీదాకా రాదు."

"అయితే ఆ వరం తీసుకో. రాజాజ్ఞ విన్నవాడు 'ఎందుకు' అని అడగగలిగేటట్టు, ప్రజలపై పడే దండం మొదట రాజు తల మీదనే ఉండేటట్టు మరొక వరం ఇవ్వు. ఇవ్వదగదంటే ఇప్పుడే నన్ను చంపు."

దండదేవుని ఎర్రని కన్నులు మొదటిసారి చెమ్మగిల్లాయి. "తథాస్తు. ఈ వంశంలో ఎవరు సింహాసనమెక్కినా దీనికి కట్టుబడతారు" అని పలికి అదృశ్యమయ్యాడు.

జయకేతుడు పెద్దల వద్దకు పోయి, తల వంచి, "మాట్లాడండి" అన్నాడు.  అతడు కిరీటం తీసి మందరిక కాళ్ళ దగ్గర పెట్టి, "అమ్మా, నేను అగ్నిప్రవేశం చేస్తాను. అనుమతి ఇవ్వండి" అన్నాడు.

ఏడాదికి పైగా మూగవోయిన గొంతుతో, తడబడుతూ, ఆ వృద్ధురాలు పలికింది.

"ఇవ్వం. చచ్చినవాళ్ళను ఎవరు మోస్తారు? నువ్వే మొయ్యాలి."

తక్కిన ముప్పైతొమ్మిదిమందీ ఆ మాటే అన్నారు. ఆ దినం మొదలుకొని తొమ్మిది దినాలు జయకేత మహారాజు ఒక్కొక్క శవాన్నీ తన భుజం మీద నదికి మోశాడు. పదో దినాన సభ అతణ్ణి మళ్ళీ సింహాసనం మీద కూర్చోబెట్టింది. తరువాత అతడు పంతొమ్మిది సంవత్సరాలు సభ మాటకు లోబడి పాలించగా, వానలు కురిసి, నగరం మళ్ళీ నిండి, ధర్మం తన చోటికి వచ్చింది. కుముద్వతి గంజి తాగి బతికిన ఆ చిన్నబిడ్డ పెరిగి, మందరిక తరువాత సభలో కూర్చుంది. ఆమె కాదన్న రోజుల్లో రాజు తలవంచి వినేవాడు.