నాంచారమ్మ తుడిచిన ఆకులు

దగ్గరగా జరగండమ్మా, ఆ వెనక కూర్చున్న అయ్యలు కూడా. స్వామిని తలుచుకుని చెబుతున్నా. మన తాతల తాతలకు తాతలు పుట్టకముందు ఒక రాజ్యం. ఆ రాజ్యంలో ఒక పెద్ద తాటాకుల పుస్తకం. పేరు పొందిన ప్రతి మనిషికీ అందులో ఒక ఆకు. రాజులకు, కవులకు, భక్తులకు. కోట మండపంలో పెట్టారు. ఎవరైనా వచ్చి చదువుకోవచ్చు.

ఆకులకు పురుగు పట్టకుండా పసుపూ నూనే రాసి తుడిచే ముసలమ్మ నాంచారమ్మ. అక్షరం ముక్క రాదు. నడుం వంగిపోయింది, వేళ్లు కొంకర్లు పోయాయి. "ఇంకొక్క ఆకు, స్వామీ, ఇంకొక్కటి" అనుకుంటూ తుడిచేది.

ఒకనాడు రాజు సభలో అడిగాడు, "ఇంతమందిలో అందరికన్నా గొప్పవాడెవడు?"

"ఎవరి ఆకులో ఎక్కువ పంక్తులుంటే వాడు" అన్నాడొక పండితుడు.

"ఎవరి పేరు మిగతా ఆకుల్లో ఎక్కువసార్లు వస్తే వాడు" అన్నాడు రెండోవాడు.

మూడోవాడు నవ్వాడు. "రాసేవాళ్లదేముంది ప్రభూ? చదివేవాళ్లను చూడండి. ఎవరి ఆకు మీద వేళ్ల మురికి ఎక్కువుంటే వాడే గొప్ప."

రాజుకు నచ్చింది. "ఏడాదిపాటు ఎవరూ ఆకులు తుడవకూడదు. తుడిస్తే చెయ్యి తీయిస్తా" అని చాటింపు వేయించాడు.

"పోనీలే, నడుం వాలుస్తా" అనుకుంది నాంచారమ్మ.

వాల్చనిస్తేనా! పెద్దింటివాళ్లంతా వచ్చి పడ్డారు. భోంచేసి, చెయ్యి కడక్కుండా, పులుసు వేళ్లతో తమ తాత ఆకును పామి పోయేవారు.

"మా తాత ఆకు చూశావా, ఎంత నల్లబడిందో!"

"నీ తాతదేం గొప్పోయ్, మా తాత ఆకు మీద నెయ్యి కారుతోంది!"

మొదట చీమలొచ్చాయి. తర్వాత ఈగలొచ్చాయి. ఆ తర్వాత పురుగొచ్చింది. నాంచారమ్మ ఒక ఆకు చెవి దగ్గర పెట్టుకుంది. కరకరమంటోంది.

"చెయ్యి పోతుందే ముసలమ్మా" అన్నాడు కావలివాడు.

"తెలుసు నాయనా" అని నూనెగిన్నె దగ్గరికి లాక్కుంది. కావలివాడు మొహం అటు తిప్పుకున్నాడు.

ఏడాది గడిచింది. రాజు పుస్తకం విప్పించాడు. పై ఆకులన్నీ అద్దంలా ఉన్నాయి. మురికీ లేదు, కొలతా లేదు.

"ఎవరు తుడిచింది?"

"నేనే బాబూ."

"చెయ్యి తీయిస్తానన్నాను. వినలేదా?"

"విన్నాను బాబూ. ఎడమచెయ్యి తీయించండి. అడుగున ఇంకా పది ఆకులు మిగిలాయి. వాటికి కుడిచెయ్యి కావాలి."

రాజు అడుగు ఆకులు తీశాడు. మొదటిది జల్లెడ. రెండోది పొడి. మూడోది తన కన్నతండ్రిది. పేరుండాల్సిన చోట కన్నం, కన్నంలోంచి తన వేలు.

రాజు ఆ ఆకును మెల్లగా కింద పెట్టాడు. "నువ్వే చెప్పమ్మా" అన్నాడు చివరికి. "వీళ్లలో ఎవరు గొప్ప?"

"నాకేం తెలుసు బాబూ? తుడిచేదానికి అన్నీ ఒకటే అలుపు."

రాజు ఆమె పక్కన చతికిలబడి నూనెగిన్నె పట్టుకున్నాడు. పదో ఆకు అయ్యాక నాంచారమ్మ స్తంభానికి ఆనుకుని కళ్లు మూసింది. స్వామి అలాగే తీసుకెళ్లిపోయాడు.

ఆ సీమలో ఇప్పటికీ పాత పుస్తకం విప్పేముందు మోచేతుల దాకా కడుక్కుని, "నాంచారమ్మా, సెలవియ్యి తల్లీ" అంటారు. వీళ్లందరిలో గొప్పవాళ్లెవరని ఏ పిల్లైనా అడిగిందనుకోండి, పెద్దవాళ్లు ఒక్కటే అంటారు:

"ముందు వెళ్లి చేతులు కడుక్కురా."