ఆవులింత మతం

ఆ ఏడు ఎండలు మండిపోయాయి. ఏరంతా ఇసుకైపోగా మిగిలింది ఒక్క మడుగు. ఆ మడుగులో ఓ మొసలి. దానికి భయపడి జంతువులు నీళ్ల వైపు పోవడం మానేసి బురదగుంటల్లో నాలుకలు తడుపుకునేవి. ఇటు వీటికి దాహం, అటు మొసలికి ఆకలి.

మొసలి మిగిల్చిన ఎముకలతో పొట్ట పోసుకునే నక్కకు కడుపు కాలింది. ఒడ్డున నోరు తెరుచుకుని ఎండకు పడుకున్న మొసలిని చూసి చూసి, దానికో ఉపాయం తట్టింది. అబ్బ, ఏం ఉపాయం! మొసలి చెవిలో ఏదో ఊది, తిన్నగా వెళ్లి దిబ్బెక్కి కేకేసింది.

"రండర్రా, రండి! లోకం ఎలా పుట్టిందో తెలిసిపోయింది!"

కొత్త సంగతంటే చెవి కోసుకునే గాడిద అందరికంటే ముందు పరుగెత్తింది. "ఎలా పుట్టింది మామా?"

"మొదట్లో ఏమీ లేదు అల్లుడూ. కొండా లేదు, కోనా లేదు. ఒక్క నోరుండేది. ఒళ్లు లేదు, ముఖం లేదు, ఉత్త నోరు! దానికేమీ తోచక ఆవులించింది. అందులోంచే నువ్వూ నేనూ ఈ ఏరూ ఊడిపడ్డాం. ఆ ఆవులింత ఇంకా అయిపోలేదు. నోరు మూసుకుందా, లోకం సరి!"

"అమ్మో! ఆ నోరెక్కడుంది?"

"మడుగు ఒడ్డునే! మొసలిస్వామి దగ్గర. లోపలికెళ్లి చూస్తే మొదలు కనిపిస్తుంది."

అడవి ఊగిపోయింది. కుందేళ్లు గెంతాయి, పందులు ఒకదాన్నొకటి తోసుకున్నాయి. గాడిద కళ్లలో నీళ్లు తిరిగాయి.

"నేను పోతా ముందు! పుట్టి బుద్ధెరిగినప్పట్నుంచి మూటలు మొయ్యడమే గానీ, ఎందుకు పుట్టానో ఒక్కడూ చెప్పలేదు నాకు."

గుంపులో ఉన్న ముసలి మేకకు నక్క ఎత్తు తెలిసిపోయింది. నిరుడు తను కాలు విరిగి వాగులో పడి ఉంటే, వీపున వేసుకొచ్చింది ఈ గాడిదే. వద్దంటే వినే రకం కాదు. మేక ఒక్క క్షణం ఆలోచించి, అందరికంటే గట్టిగా అరిచింది.

"ఒరే అబ్బాయ్, ఆగు! నువ్వు లోపలుండగా స్వామికి దవడ నొప్పెట్టి నోరు మూసుకుంటేనో? నీ సంగతి అలా ఉంచు, లోకం ఏమైపోవాలి?"

మేక నక్క వైపు తిరిగింది. "నోరు మూసుకుంటే లోకం పోవడం ఖాయమేనా తమ్ముడూ?"

"ఖాయమే," అంది నక్క. అంతమంది ముందు మాట ఎలా మారుస్తుంది!

"మరింకేం చూస్తారర్రా? పందిరికి గుంజ పాతినట్టు ఆ నోటికో గుంజ పెట్టండి!"

గాడిద ఎగురుకుంటూ పోయి తుమ్మమొద్దు మోసుకొచ్చింది. బలిసిన జంతువేదైనా తల లోపల పెట్టేదాకా కదలొద్దని నక్క ముందే చెవిలో చెప్పి ఉంచింది కదా, గాడిదంత విందు వస్తుంటే ముసలి మేకతో నాకేం పనని మొసలి నోరు ఇంకా బారుగా తెరిచింది. మేక కొమ్ములతో మొద్దును దవడల మధ్య నిలబెట్టింది. గాడిద వెనక్కి తిరిగి, భక్తికొద్దీ ఒక్క తన్ను తన్నింది. మొద్దు బిగుసుకుపోయింది!

"ఆ... ఆ...!" అంది మొసలి.

"స్వామి పలికారు!" అని గాడిద పొంగిపోయింది.

"తియ్యండ్రా, తియ్యండి!" నక్క గిలగిల్లాడింది.

"తీస్తే లోకం పోదూ? నీ మతమే కదయ్యా!" అంది మేక. "అంతగా కావాలంటే లోపలికెళ్లి నువ్వే తియ్యి."

నక్క ఆ పళ్ల వరసలు చూసింది. తోక ముడిచి పారిపోయింది.

"నేను వెళ్లనా పెద్దమ్మా?" అంది గాడిద.

"ముందు నీళ్లు తాగరా. గొంతు ఎండిపోయినవాడికి మొదలూ తుదా ఏం కనిపిస్తాయి?"

గాడిద తాగింది. అందరూ తాగారు, కడుపు నిండా, తనివితీరా! ఆ వేసవంతా తాగుతూనే ఉన్నారు. గాడిద మొదలు సంగతే మర్చిపోయింది.

తొలకరికి ఏరు పొంగి, మొద్దు ఊడింది. మొసలి నోరు టప్పున మూసుకుని వరదలో దిగువకు పోయింది. గాడిద కళ్లు గట్టిగా మూసుకుంది. కాసేపటికి ఒక కన్ను తెరిచింది.

"పెద్దమ్మా, నోరు మూసుకుంది. లోకం పోలేదే!"

"పోలేదురా. నువ్వూ పోలేదు. నాకది చాలు."

నీతి: లోకం ఎలా పుట్టిందో చెబుతానని నోరు తెరిచి పిలిచేవాడికి, ముందు ఆకలి ఎంత ఉందో కనుక్కోవాలి.