పదకొండు సెకన్ల సినిమా

బందరులో పెళ్ళిళ్ళకు వీడియోలు తీసే దైవసహాయం మంచి పనివాడే కాని, ఒక్క క్షణం కూడా మాట్లాడకుండా ఉండలేకపోయేవాడు. కెమెరా చేతికొస్తే చాలు, "ఇటు చూడండి, నవ్వండి, ఇదిగో పెళ్ళికూతురి మేనత్త వస్తోంది" అంటూ వాగుతూనే ఉండేవాడు. అన్నీ విడమరిచి చెప్పకపోతే చూసేవాళ్ళకు అర్థం కాదని అతని నమ్మకం.

అతని భార్య సువార్తమ్మ చనిపోయి ఏడాది దాటింది. ఆ రోజుల్లో ఊళ్ళో ఫిల్మ్ క్లబ్బువాళ్ళు ఒక్క నిమిషం మించని సినిమాల పోటీ పెట్టారు. దైవసహాయం భార్య మీద సినిమా తీయాలనుకున్నాడు. ఆమె ఫోటోలు పేర్చాడు, వేణువు కలిపాడు, ఆమె మంచితనమంతా తన గొంతుతో చెప్పాడు. కూతురు కెజియాకు చూపించాడు.

"నిమిషమంతా నువ్వే మాట్లాడావు నాన్నా. అమ్మ గొంతు ఏదీ?" అంది కెజియా.

"అదెంత పని? మన ఇంట్లో తీసినవి బోలెడున్నాయి," అన్నాడు.

పాత వీడియోలన్నీ ముందేసుకున్నాడు. ప్రతిదానిలోనూ సువార్తమ్మ ఏదో చెప్పబోయేది. అంతలో అతని గొంతు అడ్డుపడేది. "చెంగు సర్దుకో! ఇటు తిరుగు!" ఆమె నవ్వి ఊరుకునేది. మూడు రోజులు వెతికాడు. ఆమె మాట కోసం చెవులు రిక్కించి, తన గొంతే విని విని అలిసిపోయాడు.

చివరికి ఒకటి దొరికింది. కెమెరా ఆపడం మరిచి బల్ల మీద పెట్టి, అతను వీధిలోకి వెళ్ళినప్పటిది. సువార్తమ్మ గుమ్మం వైపు చూసి, "ఏమండీ, టీ చల్లారిపోతోంది. కాసేపు వచ్చి కూచోండి," అంది. బదులు రాలేదు. ఆమె ఇంకొంచెం చూసి, గ్లాసు మీద మూత పెట్టింది. అంతే. పదకొండు సెకన్లు.

దైవసహాయం దానికి పాటా మాటా ఏదీ కలపలేదు. ఉన్నదున్నట్టు పంపాడు.

ప్రదర్శన రోజున అది అయిపోయాక హాల్లో ఎవరూ కదల్లేదు. అతని పక్కన కూచున్న పెద్దావిడ కళ్ళు తుడుచుకుంది. అది ఎవరి సినిమానో ఆమెకు తెలియదు.

"ఆయన వచ్చి టీ తాగారంటావా బాబూ?" అని అడిగింది.

"రాలేదమ్మా," అన్నాడు దైవసహాయం.

మనం మాటలు ఆపినప్పుడే మనవాళ్ళ మాట మనకు వినిపిస్తుంది. వాళ్ళు ఉండగానే ఆ పని చేయాలి.