అంకమ్మ కుండ కింద కప్ప

ఇటు తిరగవే. దుప్పటంతా నువ్వే లాక్కుంటే నేనేం కప్పుకోను? ఊఁ కొట్టాలి మరి, కొట్టకపోతే చెప్పను.

అనగనగా ఒక ఊళ్ళో, వాన మొహం చాటేసిన ఊళ్ళో, అంకమ్మ అనే పిల్ల ఉండేది. నీకంటే కాస్త పెద్దది. అమ్మ లేదు. నాన్న కోటయ్య మిరపతోట వేసి బతికేవాడు. వాళ్ళ పెరట్లో నీళ్ళకుండ, దాని కింద తడి ఇసక. ఆ ఇసకలో ఒక కప్ప ఉండేది. నున్నటి పసుప్పచ్చ వీపు దానిది. వాళ్ళమ్మ బతికున్నప్పుడు దాన్ని చూపించి, ఇది నోటితో నీళ్ళు తాగదే, ఒంటితో తాగుతుంది, ఇసక ఆరనివ్వకు అని చెప్పింది. ఆ తర్వాత అమ్మ పోయింది. అంకమ్మ రోజూ చెంబుడు నీళ్ళు పోసి, దానితోనే కబుర్లు చెప్పుకునేది.

కప్పలన్నీ ఒకటే అనుకుంటున్నావా? కాదమ్మా. గరుకు వీపుది కట్టెల కింద, గోడవార, కాస్త పొడి చోటైనా బతికేస్తుంది. నున్నటి వీపుదానికి తడి ఆరితే ఊపిరాడదు. ఆ తేడా అంకమ్మకి వాళ్ళమ్మే నేర్పింది.

ఆ ఏడు ఆషాఢం వచ్చినా చినుకు లేదు. కోటయ్య మిరపనారు తల వాల్చేసింది. అప్పుడు ఊళ్ళో ఆడవాళ్ళు కప్పతల్లిని మోద్దామన్నారు. అంటే ఏంటంటావా? రోకలికి వేపమండలు కట్టి, కప్పని గుడ్డలో పెట్టి దానికి వేలాడదీసి, ఇంటింటికీ తిప్పుతారు. ఇంటివాళ్ళు దాని మీద నీళ్ళు పోసి వాన కోసం మొక్కుతారు. మరి కప్పేది? కుంటలో వెతికారు, లేదు. కాలవలో వెతికారు, లేదు. దిగుడుబావిలో వెతికారు, అక్కడా లేదు.

అప్పుడు అంకమ్మ కట్టెలమోపు కిందున్న గరుకు వీపు కప్పని చూపించింది. ఇది ఎండకి ఓర్చుకుంటుంది, దీన్ని తీసుకెళ్ళండి అంది. ఛీ, ఒళ్ళంతా పొక్కులు, దీన్ని తల్లీ అని ఎలా మొక్కుతాం అన్నారు వాళ్ళు.

ఆ తర్వాత కోటయ్య కూతురి పక్కన కూర్చున్నాడు.

"మన కుండ కిందది ఇస్తావా తల్లీ? నారు పోతే మనకింక తిండి లేదు."

పాపం, ఆ పిల్ల ఏం చేస్తుంది చెప్పు. ఇచ్చింది. గుడ్డ ఆరనివ్వద్దు, ఉత్త నీళ్ళే పొయ్యండి, ఎండ ముదరకుండా తెచ్చెయ్యండి అని బతిమాలింది. అందరూ సరేనన్నారు.

మొదటింటి ఆవిడ నీళ్ళు పోసి దణ్ణం పెట్టింది. కప్ప గొంతు టకటకా ఆడింది. రెండో ఇంట్లోనూ నీళ్ళే పోశారు. మూడో ఇల్లు వీరనాగమ్మది. మేత లేక దూడ చచ్చిపోయిందని ఏడుస్తూ ఉంది ఆవిడ. తల్లిని ఉత్తినే పంపుతామా అని కప్ప ఒళ్ళంతా పసుపు పూసి, ఇంత కుంకుమ పెట్టింది.

"వద్దు పిన్నీ, దానికి ఒళ్ళే నోరు," అంది వెంటే వస్తున్న అంకమ్మ.

ఎవరు వింటారు? ఆవిడ చెడ్డదేం కాదు, భక్తి ఎక్కువ. ఆవిణ్ణి చూసి ఆ తర్వాత ప్రతి ఇంట్లోనూ పసుపే, కుంకుమే. ఎండ నడినెత్తికొచ్చేసింది. అంకమ్మ ఏడ్చి, కప్పని లాక్కుని, ఇంటికి పరిగెత్తింది. మంచినీళ్ళతో కడిగింది. తడి ఇసకలో పెట్టింది. గొంతు మీద వేలు పెట్టి చూసింది. ఆడలేదు.

సాయంత్రానికి మబ్బు పట్టింది. కుండపోతగా వాన. ఊరంతా వీధిలో గంతులేసింది. కోటయ్య తోటలో నిలబడి నవ్వుతూ ఏడ్చి, తడిసి ముద్దయి ఇంటికొచ్చాడు. కూతురు కుండ పక్కనే ఉంది, చూరు నీళ్ళు మీద కారుతున్నా కదల్లేదు.

"అది కూడా వాన కోసమే ఆగింది నాన్నా. ఒక్కపూట ముందు చంపేశాం."

కోటయ్య కూతురి పక్కనే ఆ వానలో చతికిలబడ్డాడు.

మరుసటేడు నుంచి ఆ ఊళ్ళో మట్టితో కప్పని చేసి మోస్తున్నారు. ఇంటింటా నీళ్ళు పోస్తుంటే కరిగి కరిగి, చివరికి పిడికెడు బురద మిగులుతుంది. దాన్ని అంకమ్మ వాళ్ళ కుండ కింద వేసేవాళ్ళు. ఆ పిల్ల పెద్దదై ముసలిదైనా ఇసక ఆరనివ్వలేదు. మళ్ళీ కప్ప వచ్చిందా అంటావా? రాలేదమ్మా. నీకు అబద్ధం ఎందుకు చెప్పను?

కళ్ళు తుడుచుకో. పొద్దున స్నానాలగదిలో ఒక కప్పని నువ్వు చీపురుతో పొడిచావే, రేపు దాని వీపు చూసి చెప్పు, గరుకో నునుపో.

కథేమో కంచికి, కప్పేమో మట్టికి,
వానేమో చేనికి, మనమేమో ఇంటికి.